తొమ్మిదో గీత

నాలుగు వేల రెండు వందల పదకొండు శీర్షికలు.
తార్నాకలో జిరాక్సు షాపు పైన గది.
కింద మిషను ఊగినప్పుడల్లా
నా బల్ల మీద టీ వణుకుతుంది.
సఫూరా ఆ మూల, నేనీ మూల.
ఒకరిది ఒకరం చూడకూడదు.
ఆమె వద్దన్నది నేను కావాలంటే
మూడో మనిషి, పాండురంగాచార్యులు గారు,
కళ్ళజోడు తుడుచుకుని తీర్పు చెప్పాలి.

ఏడు వారాలు ఏరాం.
బియ్యంలో రాళ్ళేరడం లాంటిదని అమ్మకి చెప్పాను.
"ఏది రాయో ముందే రాసుకుని కూచుంటారా?" అంది.
అవునమ్మా, మా పనంతా అదే.
చూశాక మనసు మారకుండా
చూడకముందే నియమం రాసుకోవడం.

ఒక రక్తపోటు గోలీ.
పనిచేస్తుందా, చేస్తే ఎంత, ఎవరికేం చెరుపు?
చాటలో మిగిలినవి పదకొండు ట్రయల్స్.
తొమ్మిదో దాని దగ్గర నా పెన్ను ఆగింది.
హైదరాబాదు, మూడు బస్తీలు, నాలుగు వందల మంది.
చిట్టచివర, చీమతలకాయంత అక్షరాల్లో,
క్షేత్ర సిబ్బందికి కృతజ్ఞతలు.

ఆ సిబ్బందిలో ఒకదాన్ని నేను.
ఇరవై మూడేళ్ళు, భుజాన బీపీ మిషను సంచి,
ఎంఎంటీఎస్ దిగి సైట్-త్రీ గల్లీలు ఎక్కేదాన్ని.
అంటించిన కవర్లు నా దగ్గరే ఉండేవి.
ఎవరికి మందు, ఎవరికి పిండిగోలీ
నాకు తెలీదు, డాక్టరుకీ తెలీదు,
ఎక్కడో కంప్యూటరు వేసిన బొమ్మాబొరుసుకే తెలుసు.

పెయింటర్ జహంగీర్.
దర్గాకు మొక్కుకుంటే పుట్టినోడు,
ఇంట్లో మాత్రం ఎల్లమ్మ పటం.
మూడో నెల డబ్బా తెచ్చి నా చేతిలో పెట్టాడు.
"ఇది ఏసుకుంటే కండ్లు తిరుగుతున్నయ్ మేడం,
నిచ్చెన మీద ఎట్ల నిలవడాలె?
రెండో అంతస్తుకు సున్నం నువ్వేస్తవా?"
నవ్వాడు. గోళ్ళ సందుల్లో నీలం రంగు.

రాశాను. కళ్ళు తిరుగుట, అని.
ఆ కాగితం ఏ ఫైలు కింద నలిగిందో.
మరుసటి నెల వెళితే తాళం.
పక్కింటావిడ, పటాన్‌చెరు దిక్కు పోయిండ్రన్నది.
ఫారంలో ఒక గడి ఉంటుంది: మళ్ళీ కనబడలేదు.
టిక్కు పెట్టింది నేనే.

నియమం ప్రకారం చెయ్యెత్తాను.
ఇందులో పనిచేశాను, దీనికి మార్కులు నేనెయ్యకూడదు.
ఆచార్యులు గారు కాగితాలు సఫూరా వైపు జరిపారు.
రెండు రోజులు చదివింది.
"ఇరవై ఆరు మంది పోయారు,
ఎందుకు పోయారో ఒక్క ముక్క లేదే!"
గాలితో అంది, నాతో కాదు.
రచయితలకు ఉత్తరం పంపింది, మళ్ళీ పంపింది.
ఒకాయన రిటైరయ్యాడు.
ఇంకొకాయన చిరునామా చచ్చిపోయి తిరిగొచ్చింది.

నాకు తెలుసు.
ఇరవై ఆరులో ఒక్కడి సంగతి.
అతనిది మందో పిండిగోలీయో ఇప్పటికీ తెలీదు.
పిండిగోలీకీ కళ్ళు తిరుగుతాయి.
మే నెల నిచ్చెనకి ఏ గోలీ లేకుండానే తిరుగుతాయి.

ఓ సాయంత్రం టీ బండి దగ్గర చెప్పేశాను.
సఫూరా గ్లాసు దించింది. "కాగితం ఉందా?"
లేదు.
"మరి నీ జ్ఞాపకాన్ని ఏ గడిలో రాయను?"
కోపంగా కాదు,
నిజంగానే గడి వెతుకుతున్నట్టు.

బొమ్మ వచ్చింది.
నిలువుగా ఒక గీత, అడ్డంగా పదకొండు.
ఒక్కో దాని నడుమ నల్ల చదరం,
ఎంత జనమో అంత లావు.
అట్టడుగున అన్నీ కలిసిన వజ్రం,
నిలువుగీతకు వెంట్రుకవాసి దూరంలో.
మందు పనిచేస్తుంది. కొంచెం.
నమ్మకం: తక్కువ.
కింద సఫూరా రాసిన వాక్యం:
కనబడకుండా పోయినవారి కారణాలు తెలియనందున.

రాత్రి అమ్మ ఫోను. "అయిందా ఏరడం?"
అయింది. చాటలోకే రాని గింజలున్నాయమ్మా.
"అవెలాగూ అన్నంలోకి రావుగా" అంది.
కుక్కరు మూడో ఈల వేస్తోందని పెట్టేసింది.